ఆఫ్రికాన్స్ వాక్చిత్రము: నటుడు జేమీ ఎయిస్

దక్షిణాఫ్రికా చలనచిత్ర చరిత్రను వ్రాసినవారిలో పలువురు జేమీ ఎయిస్‌ను దర్శకునిగనే పేర్కొని, అతడు తెరపై కనబడిన సంగతిని ఒక వాక్యముతో సరిపెట్టిరి. ఇది కొంతవరకు న్యాయమే. 1974లో జంతుజీవితమును గూర్చి తీసిన చిత్రమునకు లభించిన గోల్డెన్ గ్లోబు బహుమానమును, 1980 నాటి ‘ది గాడ్స్ మస్ట్ బి క్రేజీ’ వలన కలిగిన ప్రపంచఖ్యాతియు అతని దర్శకత్వమునకు వచ్చినవే. అయినను అతడు తన వృత్తిని ఆరంభించినది కెమెరాకు వెనుకను ముందును తానే నిలిచి. ఆఫ్రికాన్స్ భాష తెరపై నవ్వుట నేర్చుకొనుచున్న దినములలో ఆ నవ్వునకు ముఖమైనవారిలో అతడొకడు. ఆ ముఖమును గూర్చియు, అది ఎవరిని చూచి నవ్వెను, ఎవరిని చూడక విడిచెను అను విషయమును గూర్చియు ఈ వ్యాసమున విచారింపదలచితిని.

పేరును గూర్చి ముందుగా ఒకమాట. లిపిలో నున్నట్లు చదివినచో ‘ఉయిస్’ అని గాని ‘యూయిస్’ అని గాని పలుకవలసియుండును. ఆఫ్రికానరులు పలుకు రీతి ‘ఎయిస్’ అనుటకు దగ్గరగా నుండును. అందలి తొలి అచ్చు పెదవులను గుండ్రముగ జుట్టి పలికెడి ఎకారము. మన వర్ణమాలలో దానికి గుర్తు లేదు. ఇతని పూర్తిపేరు యాకోబస్ యొహానెస్ ఎయిస్.

ఆఫ్రికాన్స్ భాష పుట్టుక తెలియనిదే ఈ నటుని స్థానము బోధపడదు. 1652లో డచ్చి ఈస్టిండియా కంపెనీవారు ఆఫ్రికా ఖండపు దక్షిణాగ్రమున, కేప్ వద్ద, తమ ఓడలకు నీరును కూరగాయలను సమకూర్చుటకై ఒక మజిలీ నేర్పరచిరి. అచ్చటికి వలసవచ్చిన డచ్చి, జర్మను, ఫ్రెంచి కుటుంబములవారును, అంతకు ముందునుండియు ఆ నేలపై పశువులను మేపుకొనుచుండిన ఖోయిఖోయి ప్రజలును, తూర్పుదీవులనుండియు మడగాస్కరునుండియు భారతదేశమునుండియు కంపెనీ ఓడలపై తేబడిన బానిసలును ఒకరితో నొకరు మాటాడుకొన్న ఆ డచ్చిభాష తన క్రియారూపభేదములను, లింగభేదములను చాలవరకు వదలుకొని క్రొత్తరూపు దాల్చినది. ఆ బానిసలలో వంగదేశమువారును, మలబారువారును, కోరమాండల్ తీరమువారును గలరు. కంపెనీకి మచిలీపట్టణమునందును పులికాటునందును కోఠీలుండినవి గనుక ఆ తీరమునుండి పోయినవారిలో తెలుగు మాటాడువారు కొందరైన నుండియుందురని ఊహింపవచ్చును.

ఇట్లు పుట్టిన భాషను చదువుకొన్న డచ్చివారును ఆంగ్లేయులును ‘వంటయింటి భాష’ యని ఎగతాళి చేసిరి. దేవాలయమునను న్యాయస్థానమునను బడిలోను డచ్చియే నిలిచియుండెను. ఇంట మాటాడునది యొకటి, వ్రాయునది మరియొకటి. గ్రాంథిక వ్యావహారిక వివాదము నెరిగిన తెలుగువారికి ఈ స్థితిని వివరింప నక్కరలేదు. 1875లో పార్ల్ అను ఊరిలో కొందరు శ్వేతజాతీయులు సంఘముగ నేర్పడి ఈ భాషకు పత్రికను, వ్యాకరణమును గల్పింప బూనిరి. 1925లో ఇది ఆంగ్లముతోబాటు దేశపు అధికారభాషయైనది. అయితే పార్ల్ వారికంటె ముందే కేప్ పట్టణపు ముస్లిములు, బానిసల సంతతివారు, ఈ భాషను అరబ్బీలిపిలో వ్రాసి తమ మతబోధలకు వాడుకొనియుండిరి. నేడు ఇది మాతృభాషగా గలవారిలో సగమునకు మించినవారు శ్వేతజాతీయులు కారు. ఈ రెండు సంగతులను పాఠకులు మనస్సున నుంచుకొనవలెను. ఎయిస్ నటించిన తెరపై ఈ భాష ఎవరి సొత్తుగా కనబడినదో చూచినప్పుడు వీని ప్రసక్తి మరల వచ్చును.

చలనచిత్రము ఆ దేశమున వ్యాపారముగ స్థిరపడినది 1915లో. ఐ. డబ్ల్యు. ష్లెసింజర్ అను అమెరికా వర్తకుడు ఆఫ్రికన్ ఫిల్మ్ ప్రొడక్షన్స్ అను సంస్థను స్థాపించి, జొహానెస్‌బర్గు నందలి కిలార్నీలో చిత్రశాలను నెలకొల్పెను. మరుసటి యేట హెరాల్డ్ షా దర్శకత్వమున ‘డె ఫూర్‌ట్రెకర్స్’ అను మూకీచిత్రము వెలువడినది. 1830లలో ఆంగ్లపాలనను విడనాడి ఎడ్లబండ్లపై లోనాడులకు తరలిపోయిన బోయరుల కథ అది. కథను కూర్చినవాడు గుస్టావ్ ప్రెలర్ అను చరిత్రరచయిత. తెరపై వ్రాతలు ఆంగ్లమునను డచ్చియందును వేయబడినవి. ఆఫ్రికాన్స్‌లో గాదు! నాయకుడైన పీట్ రెటీఫ్ వేషము ధరించిన డిక్ క్రుక్‌షాంక్స్ ఆంగ్లరంగస్థలపు నటుడు. ఆఫ్రికానరుల పురాణగాథ తొలిసారి తెరకెక్కినపుడు వారి భాషయు అందు లేదు, ప్రధాననటుడును వారివాడు గాడు.

భాష వినబడినది 1931లో. ఆ యేడు జోసెఫ్ ఆల్‌బ్రెక్ట్ దర్శకత్వమున రెండు వాక్చిత్రములు వచ్చినవి. మొదటిది ‘సారీ మారే’ అను లఘుచిత్రము. ఆంగ్లేయుల చెరలో నున్న బోయరు ఖైదీలు ఆ పేరుగల ప్రసిద్ధగీతమును పాడుకొనుటయే అందలి కథ. రెండవది ‘మూడెర్కీ’, అనగా ‘చిన్నతల్లి’. ఇది గ్రోస్‌కోప్ఫ్ వ్రాసిన ‘నిరీక్షణశాలలో’ అను నాటిక ననుసరించినది. ఇందు నటించిన పియెర్ డె వెట్ మొదలగువారు రంగస్థలము నెరిగినవారు. 1925 ప్రాంతమున పాల్ డె గ్రూట్ అను డచ్చినటుడు ఆఫ్రికాన్స్ నాటకసమాజమును గూర్చి ఊరూర తిరుగసాగినది మొదలు, ఆంద్రే హ్యూగెనె వంటి నటులు బడిశాలలలోను పురమందిరములలోను ప్రదర్శనములిచ్చుచు వృత్తినటులుగ బ్రతుకుట నేర్చిరి. అట్టి మందిరములలో కడపటి బల్లపై కూర్చున్నవానికి గూడ వినబడునట్లు గొంతెత్తి, చేతులు సాచి నటించుట వారికి అలవడినది. ఆ అలవాటు వాక్చిత్రములలోనికిని వచ్చినదనుట సహజము.

యాదృచ్ఛికమే యైనను ఒక సంగతి చెప్పదగినది. అదే 1931లో అదే దేశమున, డర్బను నగరమున, ఆంధ్ర మహాసభ స్థాపింపబడినది. 1860 మొదలు చెరకుతోటల పనికై ఒప్పందకూలీలుగ పోయిన తెలుగువారి సంతతి తమ భాష నశింపకుండుటకై స్థాపించుకొన్న సభ అది. ఒకే యేట ఒక భాష ప్రభుత్వపు అండతో తెరకెక్కుచుండగా మరియొకటి సాయంకాలపు బడులలో ఊపిరి నిలుపుకొన యత్నించుచుండెను.

1931 తరువాత ఇరువదియేండ్ల కాలమును వేగముగ దాటవచ్చును. 1938లో మహాప్రస్థానపు శతవార్షికోత్సవమునకై ‘డీ బౌ ఫన్ ఆన్ నాసీ’, అనగా ‘ఒక జాతి నిర్మాణము’, అను చిత్రము వచ్చినది. 1940లో హాన్స్ రోంపెల్ పూనికతో ఆఫ్రికానరు జాతీయవాదుల ఔత్సాహిక చిత్రసంస్థ యొకటి వెలసినది. ఈ చిత్రములన్నియు గంభీరములు. వానిలో జాతి యున్నది, త్యాగమున్నది, బండిచక్రములున్నవి. నవ్వు మాత్రము లేదు. 1948లో పియెర్ డె వెట్, ఇప్పుడు దర్శకుడై, ‘కస్కెనాడెస్ ఫన్ డాక్టర్ క్వాక్’ అను ప్రహసనమును తీసెను. ఆల్ డెబ్బో, ఫ్రెడెరిక్ బర్గర్స్ అను హాస్యనటుల జంట దానితో ప్రసిద్ధికెక్కినది. జాతీయపక్షము ఎన్నికలలో గెలిచి జాతివివక్షను రాజ్యధర్మముగ చేసికొన్నదియు ఆ 1948లోనే. అధికారమును చేబట్టిన సమాజమునకు తన్ను జూచి తాను నవ్వుకొనుటకు తీరిక చిక్కినదని దీనిని నేను అర్థము చేసికొందును. ఇతరులు వేరువిధముగ తలపవచ్చును.

ఈ దశలో ఎయిస్ ప్రవేశించెను. అతడు 1921 మే 30న జొహానెస్‌బర్గునకు తూర్పున బంగారుగనుల నడుమ నున్న బాక్స్‌బర్గున జన్మించెను. గణితోపాధ్యాయుడుగ పనిచేసెను. భార్య హెట్టియు గణితోపాధ్యాయినియే. తరువాత ఈ దంపతులు ఉత్తరమున బుష్‌వెల్డ్ అను పొదలనాటికి పోయి, పలాలా నదీప్రాంతమున వ్యవసాయము చేయుచు వర్తకపు అంగళ్ళు నడిపిరి. నాటకసమాజముతో గాని, కిలార్నీ చిత్రశాలతో గాని ఎయిస్‌కు పూర్వసంబంధము లేదు. 1951లో వెలువడిన ‘డార్ డూర్ ఇన్ డీ బోస్‌ఫెల్ట్’, అనగా ‘దూరాన ఆ పొదలనాట’, అను తన తొలిచిత్రమునకు అతడే దర్శకుడు, అతడే నటుడు. భార్య హెట్టియు అందు నటించినది. ఇల్లును చిత్రశాలయు ఒకటే యైనవన్నమాట.

నటుడు కావలెనను కోరికతో గాక, వేరొకనికి వేతనమిచ్చు శక్తి లేకపోవుటచేతనే ఇట్టివారు నటులగుదురు. ఈ లేమియే ఎయిస్‌కు మేలు చేసినది. రంగస్థలపు గొంతు అతనికి లేదు గనుక గొంతెత్తి పలుకుట యెరుగడు. సన్నని పొడవైన శరీరము, తడబడు నడక, స్త్రీ యెదుట మాట తోచని సిగ్గు, యంత్రము చేతికి వచ్చినచో దానితో పెనుగులాట, ఇవి అతడు వహించు పాత్రకు ముడిసరుకులు. పల్లెటూరి బోయరు అంతకు ముందు తెరపై వీరుడుగ గాని, పట్టణమున చెడిపోయిన బిడ్డకై కన్నీరు విడుచు పెద్దగ గాని కనబడెను. ఎయిస్ చేతిలో అతడు పొరుగింటి మనిషియైనాడు. ఇది చిన్న మార్పుగ తోచును గాని భాషావిషయమున పెద్దది. సభలో పలుకు వాక్యము వేరు, దుకాణపు అరుగుపై పలుకు వాక్యము వేరు. ‘వంటయింటి భాష’ యను నిందను తప్పించుకొనుటకై యాబదియేండ్లు సభామర్యాదను అలవరచుకొన్న భాష ఇచట వెరపులేక అరుగుమీదికి వచ్చి కూర్చున్నది.

అదే 1951లో అదే దేశమున జోల్టాన్ కోర్డా తీసిన ఆంగ్లచిత్రము ‘క్రై, ది బిలవ్డ్ కంట్రీ’ విడుదలయైనది. దాని చిత్రీకరణకై వచ్చిన అమెరికా నల్లజాతి నటులు సిడ్నీ పాయిటియర్, కెనడా లీ అనువారు దేశమున నటులుగ అడుగుపెట్టుటకు వీలులేక, దర్శకుని ఒప్పందసేవకులమని చెప్పుకొని రావలసివచ్చెనని పాయిటియర్ తరువాత పలుమారు చెప్పెను. డర్బనులోని ఆంధ్రులకు ఆ ‘ఒప్పందము’ అను మాటకు అర్థము చెప్ప పనిలేదు. ఈ రెండు చిత్రములును ఒకే నేలపై తీయబడినవి. ఒకదానిలోని మనుష్యులకు మరియొకదానిలో చోటు లేదు.

1953లో ఎయిస్ తీసి, నటించిన రెండవ చిత్రపు పేరు ‘ఫిఫ్టీ-ఫెఫ్టెఖ్’. ఏబది యను సంఖ్య తొలుత ఆంగ్లమునను పిదప ఆఫ్రికాన్స్‌లోను పలుకబడుటయే ఆ పేరులోని చమత్కారము. ఆంగ్లేయునికిని ఆఫ్రికానరునకును నడుమ గల కయ్యము, వియ్యము దీని విషయము. ఇరుభాషలును దీనిలో వినబడును. బోయరుయుద్ధము ముగిసి ఏబదియేండ్లయినను ఆ గాయము మానలేదు. బడిలో, ఉద్యోగములో, రైలుపెట్టెలో ఏ భాష ముందుండవలెనను తగవు నిత్యమును జరుగుచునేయుండెను. అట్టి తగవును చెరిసగము నవ్వుగ మార్చుట మంచిపనియే. కాని ఆ చెరిసగము ఎవరి నడుమ? దేశజనాభాలో శ్వేతజాతీయులు మైనారిటీ. ఏబదికి ఏబది యను ఈ లెక్కలో మిగిలిన ప్రజలు ఏ పక్షమునను లేరు. గణితోపాధ్యాయుడు వేసిన లెక్క గనుక ఈ లోపము మరింత కంటబడును. ఆ 1953లోనే రైళ్ళు, ఉద్యానములు, సముద్రతీరములు, వినోదశాలలు మొదలగువానిని జాతులవారిగ విభజించు శాసనము అమలులోనికి వచ్చినది. ఇరువురు తెల్లవారి సఖ్యమును చూచి నవ్వుకొను ప్రేక్షకులు తెల్లవారు మాత్రమే కూర్చుండదగిన మందిరమున కూర్చుండి నవ్విరి.

1954లో తొలిచిత్రమునకు జంటగ ‘దూరాన ఆ పట్టణమున’ అను చిత్రమును, 1955లో ‘గెల్ట్ సూస్ బొసీస్’ అను చిత్రమును వచ్చినవి. ఈ రెండవదాని పేరునకు ‘పొదలవలె ధనము’ అని అర్థము. మనము కుప్పలుతెప్పలుగ అనుచోట వారు పొదలవలె నందురు. నిజమునకు ధనము అట్లు దొరకలేదు. ఆఫ్రికాన్స్ ప్రేక్షకుల సంఖ్య స్వల్పము. హాలీవుడ్ చిత్రములతో పోటీపడి ఆ కొలది మందినుండియే పెట్టుబడిని రాబట్టవలెను. ప్రభుత్వసాహాయ్యము కావలెనని కోరినవారిలో ఎయిస్ ముఖ్యుడు. 1956లో ఆ సాహాయ్యపద్ధతి ఏర్పడినది. చిత్రము టిక్కెట్లపై ఒక నిర్ణీతమొత్తమును సంపాదించినపిమ్మట నిర్మాణవ్యయములో ఒక వంతును ప్రభుత్వము తిరిగి చెల్లించును. ఆఫ్రికాన్స్ చిత్రములకు ఆ వంతు ఆంగ్లచిత్రములకంటె అధికము. 1956-62 సంవత్సరముల నడుమ నిర్మింపబడిన 60 చిత్రములలో 43 ఆఫ్రికాన్స్ చిత్రములు, 4 ద్విభాషాచిత్రములు, 13 మాత్రమే ఆంగ్లచిత్రములు.

ఈ పద్ధతి వలన నటనకు కలిగిన ఫలితమును గూర్చి చరిత్రకారులు అంతగ చర్చింపలేదు. నాకు తోచినది చెప్పెదను. సాహాయ్యము దొరకవలెనన్న టిక్కెట్లు తప్పక అమ్ముడుపోవలెను. కనుక అంతకుముందు అమ్ముడుపోయిన పాత్రనే మరల చూపుట క్షేమము. మంచిమనసుగల మొద్దు రైతు, అతనిని సంస్కరింపబూనిన పట్టణపు కన్య, నవ్వించు ముసలిమామ, వీరు చిత్రము తరువాత చిత్రమున తిరిగివచ్చిరి. పరీక్షింపని ముఖమునకు గాని, చేదుకథకు గాని చోటు తగ్గినది. 1959లో లయొనెల్ రొగొసిన్ అను అమెరికావాడు నల్లవారి జీవితమును, వారే నటింపగా, ‘కమ్ బ్యాక్, ఆఫ్రికా’ యను చిత్రముగ తీసినపుడు తన అసలు ఉద్దేశమును అధికారులకు తెలియనీయక పని సాగింపవలసివచ్చెను. అట్టి చిత్రమునకు సాహాయ్యపు ప్రసక్తియే లేదు. ఎయిస్ కోరి తెచ్చిన నీరు ఒక మడినే తడిపినది.

నటునిగ ఎయిస్ పరిపాకము పొందినది 1961-62లలో అని నా అభిప్రాయము. 1960 అక్టోబరులో తెల్లవారు మాత్రమే ఓటువేసిన అభిప్రాయసేకరణ ననుసరించి 1961 మే 31న దక్షిణాఫ్రికా ఆంగ్లకిరీటముతో సంబంధము తెంచుకొని రిపబ్లిక్కైనది. ఆ సంవత్సరమే ‘హాన్స్ ఎన్ డీ రోయ్‌నెక్’ వెలువడినది. ‘రోయ్‌నెక్’ అనగా ఎఱ్ఱమెడవాడు. ఆఫ్రికా యెండకు మెడ కందిపోవు ఆంగ్లేయునకు బోయరులు పెట్టిన పేరది. హాన్స్ ఎయిస్, ఎఱ్ఱమెడవాడు బాబ్ కోర్ట్నీ అను ఆంగ్లభాషానటుడు. మరుసటి యేటి ‘లార్డ్ ఓమ్ పీట్’లోను వీరిరువురును కలరు. ‘ఓమ్’ అనగా మామ. పల్లెవారు పెద్దవానిని గౌరవముతో పిలుచు పిలుపు. ఆంగ్లమన్నచో గిట్టని ఒక ఆఫ్రికానరునకు తాను ఆంగ్లప్రభువు బిరుదమునకు వారసుడనని తెలియుట ఆ చిత్రపు కీలకము. ‘లార్డ్’ అను మాటను ‘ఓమ్’ అను మాటకు అతికించుటలోనే హాస్యమంతయు నున్నది. మన పల్లెలలో ‘దొర’ యను మాటను ‘మావ’ యను పిలుపుతో గలిపినచో వినువారి కెట్లుండునో ఊహించుకొనవచ్చును.

ఈ జంటనటనలో ఎయిస్ చేసిన పని కొంత పరిశీలింపదగినది. కోర్ట్నీ మాటకారి. అతని పాత్ర మాటలతో ముందుకు పోవును. ఎయిస్ ఆ మాటలను వినును. వినుచుండగా ముఖమున ఒక ఆలస్యము కనబడును. మాట చెవినిబడుటకును అర్థమగుటకును నడుమనుండు క్షణమది. రెండుభాషల నడుమ జీవించు ప్రతివానికిని ఆ క్షణము పరిచితమే. అన్యభాషలో పరిహాసము జరిగినపుడు అందరికంటె ఆలస్యముగ నవ్వువాని అవస్థను ఎయిస్ తన నటనకు మూలముగ గ్రహించెను. మూకీచిత్రములనాటి పడుట, లేచుట, పరుగెత్తుట అతనికి ప్రియములే. కాని వానిని మించి అతనికి సొంతమనదగినది ఈ ఆలస్యమే. 1960ల నడుమ ఇదే జంటతో అతడు తీసిన ఇంకొక చిత్రమున ఒకడు అమెరికావాడు, ఒకడు రష్యావాడు. ఏథెన్సునుండి పారిస్ వరకు వారు నడకపందెము వేసికొందురు. అచట భాషాభేదమునకు బదులు రాజకీయభేదము వచ్చినది. పందెము బాగున్నది గాని, ఆ ఆలస్యమునకు వేరైన నేల లేదు.

ఈ నడుమనే, 1964లో, అతడు ‘డింగాకా’ను తీసెను. స్టాన్లీ బేకర్, జూలియట్ ప్రౌస్ అను విదేశప్రసిద్ధులతో బాటు కెన్ గాంపూ అను నల్లజాతి నటుడు ఇందు ప్రధానపాత్ర వహించెను. గిరిజనధర్మమునకును తెల్లవారి న్యాయస్థానమునకును నడుమ చిక్కినవాని కథ ఇది. మంత్రగాండ్రు, నృత్యములు, డోళ్ళు విదేశప్రేక్షకుని కన్నులకై కూర్చబడినవని విమర్శకులు చేసిన ఆక్షేపణను నేను కాదనలేను. అయినను గాంపూ నటనలోని నిండుదనము చిత్రపు ఉద్దేశమును దాటిపోయినది. అతడు ఈ చిత్రముతో అంతర్జాతీయరంగమున ప్రవేశించెను. దేశమున మాత్రము, చిత్రములను ఫలానా జాతివారికి చూపరాదని నిర్ణయించు అధికారము 1963 శాసనమువలన పరిశీలకమండలికి చిక్కియుండెను.

1969 నాటి ‘డిర్కీ’తో నటుడైన ఎయిస్ కథ మరియొక మలుపు తిరుగును. చిన్న విమానము నడుపుచున్న బంధువు గుండెపోటుతో మరణింపగా విమానము ఎడారిలో కూలును. ఒక బాలుడును ఒక చిన్న కుక్కయు మాత్రమే మిగులుదురు. తండ్రి బిడ్డకై వెదకును. బాలుని వేషము ఎయిస్ కుమారుడైన వైనాండ్ ఎయిస్ ధరించెను, తండ్రివేషము ఎయిస్ ధరించెను. హాస్యము ఇందు దాదాపు లేదు. ఇసుక, దాహము, తేలు, గాయము అన్నియు ఆ బాలుని చిన్నదేహముపై నిజముగ జరుగుచున్నట్లే కనబడును. ఒక తండ్రి తన బిడ్డను కెమెరా ముందు ఎండలో నడిపించుచు, మరల తానే కెమెరా ముందునకు వచ్చి ఆ బిడ్డకై ఏడ్చుట చూచునపుడు మనస్సునకు కొంత కష్టమగును. నటన ఎచట ముగిసి తండ్రితనము ఎచట మొదలగునో తెలియదు. ఆఫ్రికాన్స్ చిత్రములలో ఎయిస్ నటనకు ఉత్తమోదాహరణము ఇదియే యని నేను తలతును. అరుగుమీది మొద్దురైతు ముఖమున ఉండిన ఆలస్యమే ఇచట దుఃఖమైనది. వార్త చెవినిబడుటకును నమ్ముటకును నడుమనుండు క్షణమే అదియు.

ఈ చిత్రము ఆంగ్లమునను వెలువడినది. ఆ ప్రతిలో తండ్రికొడుకుల పేర్లు ‘జేమీ హేస్’, ‘డిర్కీ హేస్’ అని వేయబడినవి. విదేశీయులు ఎయిస్ అను పేరును పలుకలేరని కాబోలు! ఇరువదియేండ్ల క్రితము చెరిసగము నవ్వుతో భాషలను సంధింపబూనినవాడు విపణికై తన ఇంటిపేరును విడువవలసివచ్చెను.

తరువాత నటుడు వెనుకకు తగ్గెను. బ్లూమ్‌ఫొంటేన్‌కు చెందిన నిర్మాత బూట్ ట్రోస్కీతో కలిసి మిమోజా సంస్థ పక్షమున ఎయిస్ 1974లో జంతువుల చిత్రమును, 1976లో దాగియున్న కెమెరాతో బాటసారులను చిత్రించిన ‘ఫన్నీ పీపుల్’ను తీసెను. ఇపుడు ఆ తడబాటు నతడు అభినయింప నక్కరలేదు. తెలియక తడబడువారిని దాగియుండి చూపుటయే పని. ఆ 1976 జనవరిలోనే దక్షిణాఫ్రికాలో దూరదర్శనము ప్రారంభమైనది. అంతవరకు ప్రభుత్వము దానిని రానీయలేదు. ఇంటనే ఉచితముగ ఆఫ్రికాన్స్ నాటకములు కనబడసాగిన పిమ్మట, కుటుంబముతో టిక్కెట్టు కొని చిత్రమందిరమునకు పోవు అలవాటు సన్నగిల్లెను. 1950లనాటి అరుగుమీది హాస్యము దూరదర్శనమునకు తరలిపోయినదనవచ్చును.

1980 నాటి ‘ది గాడ్స్ మస్ట్ బి క్రేజీ’ ఆఫ్రికాన్స్ చిత్రము గాదు. అయినను పాత నటుని పోలిక అందు స్పష్టము. స్త్రీని చూడగనే చేతిలోని వస్తువులను జారవిడుచు శాస్త్రజ్ఞుని పాత్రలో మారియస్ వేయర్స్ ధరించినది ఎయిస్ 1951 నాటి తొడుగునే. ఎయిస్ తానుగ ఒక పాదిరి వేషమున కొలదిసేపు కనబడును. చిత్రమునకు ప్రాణమైనవాడు నమీబియాకు చెందిన శాన్‌జాతీయుడు నిక్సావ్. అతడు తన భాషలో మాటాడుచుండగా ఆ మాటలపై ఆంగ్లవ్యాఖ్యాత గొంతు వినబడును. అతడేమి పలికెనో ప్రేక్షకునికి వ్యాఖ్యాత చెప్పినంతవరకే తెలియును. సొంతభాష తెరపై వినబడవలెనను ఆశతో ఆరంభమైన కళాజీవితము ఇట్లు మరియొక భాషపై గొంతు కప్పుటకు చేరినది. ఇది నాకు ఈ చరిత్రలో అన్నిటికంటె బాధాకరముగ తోచు విషయము.

ఆ చిత్రము శాన్‌జాతిని లోకము సోకని నిర్మలులుగ చూపినది. యథార్థము వేరు. ఆ కాలమున వారిలో అనేకులు తమ నేలను పోగొట్టుకొని ప్రభుత్వపు స్థావరములలో పిండికిని మద్యమునకును లోబడి బ్రతుకుచుండిరి. దక్షిణాఫ్రికా సైన్యము వారిని సైనికులుగ చేర్చుకొనుచుండెను. జాన్ మార్షల్ అను అమెరికావాడు అదే 1980లో ‘నై’ అను శాన్ స్త్రీ జీవితమును గూర్చి తీసిన వార్తాచిత్రమున, ఎయిస్ బృందము ఈ చిత్రమును తీయుచుండగా పట్టిన ఘట్టమొకటి కలదు. అందు శాన్‌జాతీయులు నటులుగ, ఒకే అభినయమును మరల మరల చేయుచు కనబడుదురు. తెరవెనుక నుండవలసినది తెరమీదికి వచ్చిన ఆ కొలది నిమిషములు ఎయిస్ చిత్రము నంతటిని వేరొక వెలుగున చూపును. నిక్సావ్‌కు తొలుత ముట్టినది కొన్ని వందల డాలర్లు మాత్రమేయని విస్తారముగ వ్రాయబడినది. చిత్రము సంపాదించినది కోట్లు. 1989 నాటి రెండవభాగమునకు అతడు పెద్దమొత్తమును అడిగి పుచ్చుకొనెను. నటునకు వేతనమీయలేక తానే నటుడైన 1951 నాటి ఎయిస్, నటునకు తక్కువ వేతనమిచ్చెనను నింద మోసిన 1980 నాటి ఎయిస్ ఒక్కరే.

నిక్సావ్ 2003లో మరణించెను. ఎయిస్ అతనికంటె ముందే, 1996 జనవరి 29న, జొహానెస్‌బర్గున మరణించెను. అప్పటికి తెల్లవారి ప్రభుత్వము పోయి ఇంచుమించు రెండేండ్లు కావచ్చెను. ఆఫ్రికాన్స్ దేశపు 11 అధికారభాషలలో ఒకటియై యుండెను. నిక్సావ్ పలికిన భాష వానిలో లేదు.